ఫిలిప్పీన్స్‌లో కన్నవాళ్ల రుణం: జాతి గుణమా, పిల్లల మెడకు గుదిబండా?

దావావో డాక్టర్

ఈ చర్చావేదికలో ఫిలిప్పీన్స్ మాట వస్తే ఎంబీబీఎస్ ఫీజులు, హాస్టల్ భోజనం, తిరిగొచ్చాక రాయాల్సిన పరీక్ష తప్ప ఇంకేమీ మాట్లాడుకోం. నేను దావావోలో చదివి వచ్చాను. అక్కడి మనుషుల గురించి ఒక ప్రశ్న పెడుతున్నాను, తెలిసినవాళ్లు గట్టిగా వాదించండి.

2025 జూలైలో అక్కడి సెనేటర్ పాన్‌ఫిలో లాక్సన్ ఒక బిల్లు పెట్టారు. ముసలి తల్లిదండ్రులను చూడని పిల్లల మీద కోర్టుకు వెళ్లొచ్చు, కోర్టు చెప్పినా డబ్బివ్వకపోతే జైలు కూడా ఉంటుంది. దాని మీద ఒకటే గొడవ. అంతకు ముందు ఏడాది ఆగస్టులోనూ ఇదే తగువు నడిచింది. పారిస్ ఒలింపిక్స్‌లో రెండు స్వర్ణాలు గెలిచిన జిమ్నాస్ట్ కార్లోస్ యులోకీ ఆయన తల్లికీ మధ్య డబ్బు విషయంలో ఉన్న విభేదాలు బయటపడ్డాయి. పతకాల సంబరం ముగియకముందే కొడుకు తల్లికి ఎంత రుణపడి ఉంటాడన్న వాదన ఇంటింటికీ పాకింది.

వాళ్లు దీన్ని ఉతాంగ్ నా లోఒబ్ అంటారు. కష్టంలో ఆదుకున్నవాళ్లకు, అందరికన్నా ముందు కన్నవాళ్లకు, మనిషి లోపల మోసే రుణం. నా మటుకు ఫిలిపినోను ఫిలిపినోగా నిలబెట్టింది ఇదే. స్పెయిన్ మూడు వందల ఏళ్లకు పైగా ఏలింది, ఆ తర్వాత అమెరికా. మతం మారింది. 1849లో గవర్నర్ క్లావేరియా ఉత్తర్వుతో ఇంటిపేర్లు కూడా మారాయి. బడి భాష ఇంగ్లిష్ అయింది. పెద్దల పట్ల నడవడిక మాత్రం పోలేదు. మా ఇంటి ఓనరు మనవడు టీనేజ్ కుర్రాడు. ఫోన్‌లో గేమ్ ఎంత జోరుగా ఉన్నా, నాయనమ్మ గుమ్మంలోకి రాగానే లేచి ఆమె చెయ్యి అందుకుని, చేతి వెనకవైపు తన నుదుటికి తాకించుకునేవాడు. ఆ తర్వాతే మళ్లీ గేమ్. ఎవరూ గుర్తు చెయ్యక్కర్లేదు. ఇలాంటిదాన్ని కోర్టుకు అప్పజెబితే ఇక మిగిలేదేముంది?

మనీలా అల్లుడు

డాక్టర్ గారూ, మీరు చూసింది గుమ్మం దగ్గర. లోపల ఏం జరుగుతుందో నేను చెప్తాను. నా భార్యది బతాంగాస్, ఇంటికి పెద్ద కూతురు, ఇక్కడ న్యూజెర్సీలో నర్సు. నర్సింగ్ ఆమె కోరుకున్న చదువు కాదు. నర్సయితే వీసా వస్తుందని ఇంట్లోవాళ్లు తేల్చేశారు.

తమ్ముడి కాలేజీ ఫీజు, మేనమామ డయాలసిస్, మేనకోడలి పద్దెనిమిదో పుట్టినరోజు (అక్కడ అది పెళ్లంత వేడుక), అన్నీ ఆమె జీతంలోంచే. జీతం పడే రోజు అక్కడ అందరికీ తెలుసు. ఆ రోజు పొద్దున్నే ఫోన్ మోగడం మొదలవుతుంది. ఈ నెల కుదరదు అంటే వచ్చే మాట 'వలాంగ్ హియా', సిగ్గులేనిది అని. మేం రెండో బిడ్డ వద్దనుకున్నది మా సంపాదన చాలక కాదు, అక్కడికి పంపాల్సింది ఎప్పటికీ తెగదని తెలిసి. దీన్ని జాతి గుణం అని పొగిడేవాళ్లు ఒకసారి ఆమె పక్కన కూర్చుని బ్యాంకు స్టేట్‌మెంట్ చూడాలి.

కువైట్ సిస్టర్

అన్నా, మీ ఇంటి కష్టం అర్థమైంది. నాది రాజంపేట వైపు, ఇక్కడ హాస్పిటల్లో నాతోపాటు రూమ్‌లో ఉండేవాళ్లు ఫిలిపినోలే. మా పెద్దామెను అందరం ఆతె అని పిలుస్తాం, మన అక్క లాగ. ఆమె ఇంటికి పెట్టె పంపే తీరు చూశాక నాకు ఇది ఉత్త బరువని అనబుద్ధి కాదు.

బాలిక్‌బాయన్ బాక్స్ అంటారు. నడుమెత్తు అట్టపెట్టె, ఓడలో వెళ్తుంది, చేరడానికి వారాలు పడుతుంది. నెలల తరబడి గోడవార ఉంటుంది, ఆఫర్ దొరికినప్పుడల్లా ఒక్కో వస్తువు అందులోకి చేరుతుంది. అడుగున కార్న్‌డ్ బీఫ్ డబ్బాలు, మధ్యలో సబ్బులు, టవళ్లు, పైన చాక్లెట్లు. బూట్ల లోపల కూడా ఖాళీ వదలదు, సాక్సులు, కాఫీ ప్యాకెట్లు కూరుతుంది. ప్రతిదాని మీదా మార్కర్‌తో పేరు రాస్తుంది, పక్కింటి ముసలమ్మ పేరు కూడా. మూత పడకపోతే పెట్టె మీద మేమందరం కూర్చుంటాం, ఆమె టేపు చుడుతుంది.

ఎనిమిదేళ్ల కొడుకుని వదిలి వచ్చిన మనిషి ఆమె. ఆ పెట్టె తెరిచే రోజు వీడియో కాల్‌లో తను కూడా ఆ ఇంట్లో ఉంటుంది. 2015లో అక్కడి కస్టమ్స్‌వాళ్లు ఈ పెట్టెలు తెరిచి చూస్తామంటే విదేశాల్లో ఉన్న లక్షల మంది భగ్గుమన్నారు, ప్రభుత్వం వెనక్కి తగ్గాల్సి వచ్చింది. బలవంతపు కప్పం అయితే దానికోసం అంతలా ఎవరు పోట్లాడతారు?

మనీలా అల్లుడు

సిస్టర్, పెట్టె గురించి మీరు చెప్పింది నిజం. మా ఇంట్లోనూ ఒకటి మూల ఉంది. పెట్టె ఆమె మనసుపడి నింపేది. డబ్బు అలా కాదు. రెంటినీ ఒకే గాటన కట్టకండి.

సైకాలజీ మాస్టారు

ఒక విషయం ఎవరూ ఎత్తలేదు. 'ఫిలిపినో విలువలు' అనే ఈ జాబితా తయారైంది ఎవరి చేతుల్లో? 1960ల్లో మనీలాలోని అటెనియో విశ్వవిద్యాలయంలో ఫ్రాంక్ లించ్ అనే అమెరికన్ జెసూట్ మానవశాస్త్రవేత్త, ఆయన సహచరులు ఈ పని చేశారు. ఎదుటివాడితో గొడవ లేకుండా నెట్టుకురావడం, సిగ్గు, రుణం, ఇవే ఫిలిపినో స్వభావం అని తేల్చారు. పాఠ్యపుస్తకాలు దాన్నే అందుకున్నాయి.

1970ల్లో ఫిలిపినో మనస్తత్వవేత్త విర్జీలియో ఎన్రికెజ్ ఎదురు తిరిగాడు. సొంత భాషలో, సొంత మనుషుల మధ్య చదివితేనే ఫిలిపినో మనసు అర్థమవుతుందని సికోలోహియాంగ్ పిలిపినో (ఫిలిపినో మనస్తత్వశాస్త్రం) అనే ఉద్యమమే నడిపాడు. ఆయన లెక్కలో రుణమూ సిగ్గూ పైపొర మాత్రమే, వలసపాలనకు సర్దుకుపోవడానికి పనికొచ్చిన పొర. అడుగున ఉన్నది కప్వా, అంటే ఎదుటి మనిషిలో తననే చూడగలగడం. ఆ పైపొరలోనే సాహసం ఉంది, తిరగబడటం కూడా ఉంది, వాటిని పక్కన పెట్టి ఒక్క కృతజ్ఞతనే ఎత్తి చూపితే ఎవరికి లాభమో ఆయన సూటిగానే అన్నాడు. అమెరికా సాయానికి ఫిలిపినోలు ఎప్పటికీ రుణపడి ఉండాలన్న భావన వలసపాలనను మనసుల్లో కొనసాగిస్తుందని.

ఆ లాభం ఇవాళ ఎవరిదో కూడా చూడాలి. ఊళ్లో ఎవరికైనా ఆపరేషన్ అయితే మేయర్ ఆఫీసులో చీటీ రాయించుకుంటారు, అంత్యక్రియలకు కాంగ్రెస్‌మన్ (మన ఎంపీ లాంటివాడు) సాయం చేస్తాడు. ఇచ్చేది ప్రజల డబ్బే, రుణం మాత్రం ఆయనకు. ఎన్నికల నాడు తీర్చాలి. 1987 రాజ్యాంగం రాజకీయ వంశాలను నిషేధించాలంది, నిర్వచించే చట్టం మాత్రం ఇన్నేళ్లుగా రాలేదు. కుటుంబ విలువ అని మనం ముచ్చటపడేది వీధిలోకి వచ్చేసరికి ఇలా తయారవుతుంది.

దావావో డాక్టర్

మాస్టారూ, ఎన్రికెజ్ మాట ఒప్పుకుంటాను, మీరు తేల్చినది ఒప్పుకోను. ఆయన కప్వా అన్నాడు, రుణాన్ని పారెయ్యమనలేదు. అడుగున మనిషితనం ఉంటే రుణం దానంతట అదే మంచి రూపం తీసుకుంటుంది.

2021 ఏప్రిల్ గుర్తు తెచ్చుకోండి. కోవిడ్ లాక్‌డౌన్లలో క్వెజాన్ సిటీ మగిన్హావా వీధిలో ఒక యువతి చిన్న వెదురుబండి మీద కూరగాయలు, బియ్యం, గుడ్లు పెట్టి ఒక అట్టముక్క తగిలించింది: ఇవ్వగలిగినంత ఇవ్వండి, అవసరమైనంత తీసుకోండి. రోజుల్లోనే దేశమంతా అలాంటి బండ్లు వెలిశాయి. చిలగడదుంపల రైతులు తమ పంట తెచ్చి పెట్టారు. తీసుకునేవాడు ఎవరికీ పేరు చెప్పక్కర్లేదు, ఎవరికీ రుణపడడు. పోలీసులు నిర్వాహకుల వివరాలు అడగడం మొదలుపెట్టారు, మొదటి బండి ఒక రోజు మూతపడింది, అయినా జనం ఆగలేదు. అంతకు ఏడాది ముందు ప్రభుత్వం అధ్యక్షుడికి అత్యవసర అధికారాలిచ్చే చట్టానికి 'బాయనిహాన్' అని పేరు పెట్టుకుంది. ఊరంతా కలిసి పొరుగువాడి ఇంటిని భుజాలకెత్తుకుని వేరే చోటికి మార్చే పాత ఆచారం పేరది. ఆ పేరుకు తగిన పని జరిగింది వెదురుబండి దగ్గర. గుణం చెడ్డది కాదు మాస్టారూ, దాన్ని వాడుకునే చేతులు చెడ్డవి.

గోదారి లాయర్

ఇంత దూరం వచ్చాక చట్టం సంగతి కూడా చూద్దాం. డాక్టర్ గారు అన్నట్టు కోర్టు మెట్లెక్కితే ప్రేమ చచ్చిపోతుంది అన్నది వినడానికి బాగుంది. కానీ ఫిలిప్పీన్స్ కుటుంబ చట్టం 195వ అధికరణ తల్లిదండ్రులూ పిల్లలూ ఒకరినొకరు పోషించుకోవాలని ఇప్పటికే చెబుతోంది. లాక్సన్ బిల్లు దానికి దారి సుగమం చేసి, శిక్ష జోడించింది. మనకూ 2007లో ఇలాంటి చట్టమే వచ్చింది. ఆర్డీఓ స్థాయి అధికారి ట్రిబ్యునల్‌లో కూర్చుంటారు, నెలకు 10,000 రూపాయల వరకు భరణం వేయొచ్చు. తెలుగువాళ్లలో తల్లిదండ్రుల మీద ప్రేమ ఆ ఏడాదితో పోయిందా?

నా దగ్గరికి వచ్చే పెద్దవాళ్లలో భరణం అడిగేవాళ్లు కొందరే. ఇల్లు కొడుకు పేర రాసిచ్చాక వరండాలోకి నెట్టిన కేసులే ఎక్కువ. చూస్తానన్న షరతు దస్తావేజులో ఉంటే ఆ బదిలీని రద్దు చేయించే వీలు 23వ సెక్షన్‌లో ఉంది. అలాంటి ముసలామెకు విలువల గురించి చెప్పి పంపలేను కదా.

మనీలా అల్లుడు

లాయర్ గారూ, ఆ ముసలామె తరఫున మీరు నిలబడటం సరైనదే. కానీ ఫిలిప్పీన్స్‌లో ఈ బరువు ఎక్కడినుంచి వచ్చిందో చూడండి. 1974 కార్మిక స్మృతితో అప్పటి అధ్యక్షుడు మార్కోస్ ప్రభుత్వం మనుషుల్ని విదేశాలకు పంపడం ఒక విధానంగా పెట్టుకుంది. 1988లో అధ్యక్షురాలు కొరజోన్ అకినో హాంకాంగ్‌లో ఇళ్లల్లో పనిచేసే ఆడవాళ్లను కొత్త వీరులన్నారు. 2024లో విదేశాల నుంచి బ్యాంకుల ద్వారా ఇళ్లకు వచ్చింది దాదాపు 3,450 కోట్ల డాలర్లు. మరి నిరుపేద వృద్ధులకు ప్రభుత్వం ఇచ్చే పింఛను? 2022 చట్టంతో 500 నుంచి 1,000 పెసోలకు పెంచారు, నెలకు మన రూపాయల్లో 1,500 అటూ ఇటూ. ఆంధ్రాలో 2024 నుంచి వృద్ధాప్య పింఛను 4,000. రాజ్యాంగంలోనే ఉంది, వృద్ధుల్ని చూడాల్సిన బాధ్యత కుటుంబానిది, ప్రభుత్వం 'కూడా' చూడొచ్చు అని. ఆ పదంలోనే మా ఆవిడ జీతం ఇరుక్కుంది. పింఛను సరిగ్గా ఇచ్చి, ప్రభుత్వాసుపత్రిలో డయాలసిస్ సులువుగా దొరికేలా చూసి, ఆ తర్వాత ఎవరికెంత రుణమో ఇంట్లోవాళ్లను తేల్చుకోనివ్వమనండి. అప్పుడు ఆ కుర్రాడు నాయనమ్మ చెయ్యి నుదుటికి ఆనించుకుంటే నేనూ దండం పెడతాను.

కువైట్ సిస్టర్

లాయర్ గారూ, ఒక్క సందేహం. ఆ బిల్లు పాసైతే, ఆతె లాంటివాళ్లు కువైట్‌లో ఉండగా అక్కడి కోర్టు నోటీసు ఎలా అందుతుంది?

గోదారి లాయర్

కష్టమేనమ్మా. విదేశంలో ఉన్నవాళ్ల జీతం నుంచి వసూలు చేయడం ఏ కోర్టుకైనా తలనొప్పి. చేతికి దొరికేది ఊళ్లో ఉన్న బిడ్డ. ట్రైసైకిల్ (అక్కడి ఆటో లాంటిది) నడిపేవాడో, పొలంలో కూలికి వెళ్లేదో. రోజూ అన్నం పెట్టి, మంచం పక్కన ఉండేది కూడా వాళ్లే అయి ఉండొచ్చు. మన ట్రిబ్యునల్స్‌లో కూడా దుబాయ్ కొడుకు మీద వేసిన కేసు నత్తనడక నడుస్తుంది, పక్క వీధి కొడుక్కి నోటీసు మర్నాడే అందుతుంది. చట్టం ఉండాలన్న నా మాట మారదు. కానీ జైలు క్లాజు తీసేసి, కుటుంబం పోషించలేమని చూపిస్తే ప్రభుత్వమే పోషించాలన్న మాట రాస్తేనే నేను దానికి ఓటేస్తాను.

దావావో డాక్టర్

ఆ రెండో షరతు పెడితే బిల్లు మీద నాకు గొడవ లేదు. జైలు మాత్రం వద్దే వద్దు. అక్కడ కొడుకు జైలుకెళ్తే బెయిలు కోసం తిరిగేది ఆ తల్లే.