సమస్య: గరుకు గలచోటె నునుపుగఁ గదులు బండి

నిర్వాహకుడు (విశాఖ, ఎంవీపీ కాలనీ):

మిత్రులారా, ఈ వారం సమస్య ఒక ఇంగ్లీషు మాట దగ్గర పుట్టింది. మా మనవరాలు ఇంటర్ చదువుతోంది. ఏదో ఇంగ్లీషు కథ చదువుతూ, "తాతయ్యా, ఈవిడ అస్పెరిటీతో జవాబు చెప్పిందట. డిక్షనరీలో చూస్తే ఉపరితలం ఎగుడుదిగుడుగా ఉండడం అని ఉంది. ఎగుడుదిగుడుగా జవాబు చెప్పడమేమిటి?" అని అడిగింది.

ఆ ప్రశ్న నన్ను రెండు రోజులు వదల్లేదు. లాటిన్‌లో 'ఆస్పెర్' అంటే గరుకైనది. దాని నుంచి వచ్చిన అస్పెరిటీ ముందు గరుకు నేలకూ గరుకు రాయికీ చెల్లింది. తర్వాత మాటలోని కరుకుదనానికీ, వాతావరణంలోని కష్టానికీ పాకింది. అంటే ఆ కథలోని ఆవిడ విసురుగా, కటువుగా బదులిచ్చిందన్నమాట. ఇంగ్లీషులో ఈ మాట రోజూ వినబడేది కాదు, పుస్తకాల్లోనే ఎక్కువ.

సాయంత్రం బీచ్ రోడ్డులో నడుస్తుంటే ఈ పాదం కుదిరింది:

*గరుకు గలచోటె నునుపుగఁ గదులు బండి*

తేటగీతి చివరి పాదం. యతి గ–గ. గరుకున్న చోట బండి కుదుపుతుంది కదా, నునుపుగా ఎలా కదులుతుంది అన్నదే చిక్కు. పై మూడు పాదాలు మీవి.

అడవివరం సభ్యుడు:

నమస్కారం గురువుగారూ. రోజూ కొండ దారి చూసేవాణ్ణి కాబట్టి ఇదే తోచింది.

*వాన జల్లుకు సింహాద్రి బాట తడిసె*
*నున్నబడినట్టి టైరుకు నూనె యయ్యె*
*గాడి నిలిచిన చక్రమే కాచె మనల*
*గరుకు గలచోటె నునుపుగఁ గదులు బండి*

నిర్వాహకుడు:

హాయిగా నడిచింది. మొదటి పాదంలో వా–బా యతి చక్కగా పడింది. "నూనె యయ్యె" అన్న చోట వాన, బాట, టైరు మూడూ ఒక్క మాటలో కలిశాయి. దోషం ఏమీ కనబడలేదు.

వాల్తేరు, ఫిజిక్స్ లెక్చరర్:

పద్యం బాగుంది. విషయంలో చిన్న సవరణ చెప్పవచ్చా? టైరు మీది గాడి గరుకు కోసం పెట్టింది కాదు. టైరుకూ రోడ్డుకూ మధ్య చేరిన నీళ్ళు పక్కలకు పోవడానికి పెట్టింది. నీళ్ళు పోకపోతే టైరు నీటి పొర మీద తేలిపోతుంది. పూర్తిగా పొడిగా ఉన్న ట్రాక్ మీద పందెం కార్లకు గాడి లేని నున్నటి టైర్లే వేస్తారు. అసలు గరుకు రోడ్డులోని కంకర రాళ్ళది. రబ్బరు మెత్తన కాబట్టి ఆ రాళ్ళ మొనల చుట్టూ ఒదిగి పట్టుకుంటుంది.

ఆ మొనలనే మా సబ్జెక్టులో అస్పెరిటీలు అంటారు. అక్కడ ఈ మాట బహువచనంలోనే ఎక్కువగా వినిపిస్తుంది. కంటికి అద్దంలా కనబడే లోహాన్ని కూడా మైక్రోస్కోపులో చూస్తే గుట్టలూ లోయలూ కనిపిస్తాయి. రెండు లోహపు పలకలు ఒకదాని మీద ఒకటి పెడితే మొత్తం తాకినట్టే ఉంటుంది. నిజానికి ఆ గుట్టల కొనలు మాత్రమే తాకుతాయి. ఈ సంగతిని ఇరవయ్యో శతాబ్దం మధ్యలో బౌడెన్, టేబర్ అనే ఇద్దరు కేంబ్రిడ్జిలో ప్రయోగాలతో స్థిరపరిచారు. బరువు పెంచితే ఆ కొనలు నలిగి, తాకే చోటు పెరుగుతుంది. అందుకే బరువుతో పాటు ఘర్షణా పెరుగుతుంది.

అడవివరం సభ్యుడు:

ధన్యవాదాలు సార్. అయితే మూడో పాదంలో "గాడి నిలిచిన" ఉండనిచ్చినా, అర్థం వాన వరకే చెల్లుతుందన్నమాట. మొదటి పాదంలో వాన ఉంది కాబట్టి అలాగే ఉంచుతాను.

మర్రిపాలెం, రిటైర్డ్ లోకో పైలట్:

నాకు ఈ సమస్య చూడగానే కొత్తవలస – కిరండూల్ లైనే గుర్తొచ్చింది. బైలదిల్లా ఇనుప ఖనిజం మన పోర్టుకు రావడానికి వేసిన లైను. సొరంగాల మీద సొరంగాలు, సముద్రమట్టానికి దాదాపు 1000 మీటర్ల ఎత్తు దాకా ఎక్కాలి. ఉక్కు చక్రం, ఉక్కు పట్టా, పైన మంచు తడి. ఇంజనుకు ఎంత బలమున్నా చక్రం ఉన్న చోటే గిర్రున తిరుగుతుంది. అప్పుడు మీట నొక్కితే చక్రాల ముందు పట్టా మీద ఇసుక పడుతుంది. నా సర్వీసులో ఎన్నిసార్లు నొక్కానో లెక్క లేదు.

*కొత్తవలసను విడిచి యా గూడ్సు కదిలె*
*తడిసి జారెడి పట్టాల దారి మీద*
*ఇసుక చల్లగా చక్రాల కెదుట గొంత*
*గరుకు గలచోటె నునుపుగఁ గదులు బండి*

భీమిలి, తెలుగు టీచర్:

అన్నయ్యగారూ, ఎంత బాగా కుదిరింది! ఇసుక పూరణ ఇంతకన్నా సూటిగా ఉండదు. మూడో పాదంలో ఒక్క సవరణ. 'చల్లఁగాన్' ద్రుతాంతం, అంటే నకారంతో ముగిసే మాట. దాని మీద పరుషం (క చ ట త ప) వస్తే సరళం (గ జ డ ద బ) కావాలి. "చల్లఁగాఁ జక్రాల" అనండి. గణాలు మారవు. అలాగే "ఎదుటఁ గొంత".

సమస్య పాదంలోనే ఇది ఉంది, గమనించారా? 'నునుపుగన్ + కదులు' కలిసి "నునుపుగఁ గదులు" అయింది. క అనే పరుషం గ అనే సరళమై నాలుకకు నునుపుగా కదిలింది. నిర్వాహకులు తెలిసి చేశారో, యతి కోసం అలా వచ్చిందో!

నిర్వాహకుడు:

నిజం చెప్పాలంటే యతి కోసమే వచ్చిందమ్మా. మీరు చెప్పాక చూసుకుని చాలా సంతోషించాను.

వాల్తేరు, ఇంగ్లీషు మాస్టారు:

పరుషం ప్రస్తావన వచ్చింది కాబట్టి ఒక పోలిక చెబుతాను. ప్రాచీన గ్రీకులో అచ్చుకు ముందు హకారంలా పలికే ఊపిరిని ఒక గుర్తుతో చూపిస్తారు. దానికి లాటిన్‌లో పేరు 'స్పిరిటస్ ఆస్పెర్', అంటే గరుకు ఊపిరి. వాళ్ళూ గరుకు నేలకు వాడిన మాటనే శబ్దానికి వాడారు. మనవాళ్ళూ క చ ట త ప లను పరుషాలన్నారు. సంస్కృతంలో 'పరుస్' అంటే గనుపు. వెదురు గనుపులా చేతికి తగిలేది పరుషం, చెవికి తగిలేదీ పరుషమే. అస్పెరిటీకి ఇంతకన్నా సరిగ్గా అమరిన మాట నాకు దొరకలేదు. విషమం కూడా దగ్గరిదే. సమం కానిది కాబట్టి విషమం, అక్కడి నుంచి కష్టమైనదీ విషమమే. కానీ గొంతులోని కటుత్వానికి అది చాలదు.

పిల్లలకు రెండు జాగ్రత్తలు. ఎక్సాస్పరేట్ ఈ కుటుంబంలోదే, మనిషిని రాపిడి పెట్టి విసిగించడం. ఆస్పర్షన్ మాత్రం వేరు. అది చిలకరించడం నుంచి వచ్చి నింద చల్లడంగా మారింది. చూపుకు దగ్గరగా ఉన్నాయని కలిపేయకండి.

ఇంకొకటి. 2017లో ప్రపంచ వాతావరణ సంస్థ తన మేఘాల అట్లాసులో 'ఆస్పెరిటాస్' అనే రూపాన్ని చేర్చింది. సముద్రం అడుగున పడుకుని, పైన అలలు లేచిన నీటిని కింద నుంచి చూసినట్టుంటుంది ఆ మేఘం. మన ఊరివాళ్ళకు ఆ పోలిక ఇట్టే అందుతుంది.

గాజువాక కుర్రాడు:

అందరికీ నమస్కారం. తేటగీతి రాయడం ఇదే మొదటిసారి, కాస్త టెన్షన్‌గా ఉంది. మా మామయ్య లారీ నడుపుతారు. నాకు నేర్పింది ఆయనే.

*మాట గరుకైన మామయ్య గుండె మెత్త*
*తిట్టుచును ఘాటు దారిలో దిద్దె నడక*
*అదుపు గలిగిన చేతికే యబ్బె విద్య*
*గరుకు గలచోటె నునుపుగఁ గదులు బండి*

నిర్వాహకుడు:

బాబూ, మొదటి పద్యమంటే నమ్మలేను. గణాలన్నీ సరిపోయాయి. మొదటి పాదంలో యతి తప్పింది. 'మా'కు 'గు' కుదరదు. గుండె తీసి మనసు పెట్టు: "మామయ్య మనసు మెత్త". అర్థం చెడదు. మిగతా మూడు పాదాలు టీచరుగారు చూస్తారు.

భీమిలి, తెలుగు టీచర్:

నాన్నా, నీ పద్యం చదివాక నాకు ఒక సంగతి తట్టింది. అది చెప్పకుండా ఉండలేను.

ఇంగ్లీషులో నేలకూ మాటకూ అస్పెరిటీ ఒక్కటే. సంస్కృతంలో పరుషం ఒక్కటే. తెలుగులో మాత్రం మనం రెండుగా విడదీసుకున్నాం. గోడ గరుకు, గరిటె గరుకు, నేల గరుకు. మాట మాత్రం కరుకు, మనిషి కరుకు. రెంటికీ తేడా మొదటి అక్షరమే. చేతికి తగిలేదానికి సరళం పెట్టాం, మనసుకు తగిలేదానికి పరుషం పెట్టాం. ఎవరు ఆలోచించి చేశారో తెలియదు గానీ, ఎంత న్యాయంగా ఉంది!

కాబట్టి మామయ్య మాటను గరుకు అనకూడదు, కరుకు అనాలి. నీ మొదటి పాదంలో చిక్కు లేదు. 'మాట + కరుకైన' గసడదవాదేశంతో, అంటే 'క' 'గ'గా మారే సంధితో, "మాట గరుకైన" అవుతుంది. సమస్య పాదంలోని గరుకును కూడా కరుకుగా మార్చే దారి ఉంది. మూడో పాదం ద్రుతాంత క్రియతో ముగిస్తే చాలు:

*విసుగు లేకుండ నాకింత విద్య నేర్పెఁ*
*గరుకు గలచోటె నునుపుగఁ గదులు బండి*

'నేర్పెన్ + కరుకు' కలిసి "నేర్పెఁ గరుకు". ఇప్పుడు నీ పద్యంలో ఉన్నది కరుకే. సమస్యలో ఒక్క అక్షరం ముట్టుకోలేదు.

నిర్వాహకుడు:

టీచరుగారూ, పాదం ఇచ్చిన నాకే ఈ విరుపు తట్టలేదు. ఈ వారానికి నాకు అన్నిటికన్నా నచ్చిన మాట ఇదే.

పెందుర్తి గృహిణి:

మా అమ్మ తిరుగలి రాయి అరిగి నున్నబడితే గాట్లు కొట్టేవాళ్ళ కోసం వీధిలో ఎదురుచూసేది. ఉలితో టకటకా కొట్టి వెళ్ళేవారు. ఆ రోజు మొదటి వాయ పిండిలో రాతి పొడి ఉంటుందని పారబోసేది.

*తిరుగలికి గాట్లు పెట్టినఁ దెగును గింజ*
*నున్ననగు రాయి యెన్నడు నూరలేదు*
*అత్త కోడండ్ర సంసార మంతె గాదె*
*గరుకు గలచోటె నునుపుగఁ గదులు బండి*

మర్రిపాలెం, రిటైర్డ్ లోకో పైలట్:

అమ్మా, మొదటి రెండు పాదాలకు చేతులెత్తి దండం. మూడోదానితో మాత్రం ఒప్పుకోలేను. తిరుగలిలో నలిగేది గింజ. ఇంట్లో నలిగేది ఎవరు? కోడళ్ళను కరుకుగా మాట్లాడడం సంసారానికి మంచిదన్నట్టు వినబడుతోంది.

పెందుర్తి గృహిణి:

అన్నయ్యగారూ, నా ఉద్దేశం అది కాదు. పైరాయికీ కిందరాయికీ రెంటికీ గాట్లు కొడతారు. ఒక్కదానికే కొడితే పిండి సరిగ్గా రాదు. మా అత్తగారూ నేనూ ఇద్దరం గట్టిగానే మాట్లాడుకునేవాళ్ళం, ఇద్దరం కలిసే వండేవాళ్ళం. ఆవిడ పోయి నాలుగేళ్ళయింది. ఆ గొంతు లేక ఇల్లు బోసిగా ఉంది. అందుకే రాశాను.

మర్రిపాలెం, రిటైర్డ్ లోకో పైలట్:

క్షమించమ్మా. పాదం అలాగే ఉండనివ్వండి.

ఆటోనగర్ మెకానిక్:

నాకు పెద్దగా వ్యాకరణం రాదు. మా షెడ్‌లో రోజూ చేసే పని పెట్టాను.

*బోరు లోపలి గీతలో పొంచి యుండి*
*ఆయిలది పిస్టనుకు నూతయై నిలచును*
*అద్దమైనచో నిమిషాన నంటుకొనును*
*గరుకు గలచోటె నునుపుగఁ గదులు బండి*

బోరంటే ఇంజనులో పిస్టన్ కదిలే గొట్టం. దాన్ని తొలిచాక హోనింగ్ చేస్తాం, అంటే లోపల సన్నగా రాపిడి పెడతాం. లోపలి గోడ మీద అడ్డంగా, ఏటవాలుగా సన్నటి గీతలు పడతాయి. కొత్తగా చూసినవాళ్ళు "గీతలు పడ్డాయేమిటి, పాలిష్ చేయండి" అంటారు. ఆ గీతల్లోనే ఆయిలు నిలబడుతుంది. అవి లేకపోతే ఆయిలు జారిపోయి, రింగులు గోడను రాసుకుని, చివరికి పిస్టన్ పట్టేస్తుంది.

షిప్‌యార్డు రిటైర్డ్ ఫిట్టర్:

తమ్ముడూ, నూటికి నూరు మార్కులు. మూడో పాదానికి నేను సాక్షిని. మా దగ్గర స్లిప్ గేజీలు ఉండేవి, కొలతలు సరిచూసే ఉక్కు బిళ్ళలు. ఎంత నునుపంటే, రెంటిని శుభ్రంగా తుడిచి ఒకదాని మీద ఒకటి జరుపుతూ నొక్కితే అంటుకుపోతాయి. అయస్కాంతమూ లేదు, జిగురూ లేదు. విడదీయాలంటే మళ్ళీ పక్కకు జరపాలి. నునుపంటే జారడమే అనుకునేవాళ్ళకు వాటిని చేతిలో పెట్టి చూపించేవాణ్ణి.

భీమిలి, తెలుగు టీచర్:

రెండో పాదం నడక చూడండి, "ఆయిలది పిస్టనుకు నూతయై". ఇంగ్లీషు మాటలు రెండు ఉన్నా తెలుగు సంధి ఎక్కడా తెగలేదు. ఆ–యై యతి కూడా సరైనదే. "నిమిషాన" ఒక్కటే కొంచెం ఎక్కువైందా?

ఆటోనగర్ మెకానిక్:

నిమిషంలో పట్టదు మేడమ్, కొన్నాళ్ళు పడుతుంది. గణం కోసం పెట్టేశాను. "కొన్నాళ్ల" అంటే సరిపోతుందా?

భీమిలి, తెలుగు టీచర్:

సరిపోతుంది. "అద్దమైనచో కొన్నాళ్ల నంటుకొనును". 'కొన్నాళ్ల' తగణం, నిమిషాన ఉన్న చోట ఇమిడింది. "ఐనచోన్" ద్రుతాంతం కాబట్టి "అద్దమైనచోఁ గొన్నాళ్ల" అని రాయండి.

నిర్వాహకుడు:

ఈ వారం సమస్యను అక్షరాలా విప్పింది ఆటోనగర్ పూరణ. మిగతావన్నీ పట్టు గురించి చెప్పాయి. గరుకు వల్ల నునుపు ఎలా వస్తుందో చెప్పింది ఇదొక్కటే. విరుపుకు గాజువాక పద్యం, టీచరుగారి సవరణతో. తిరుగలి పద్యం మా మనవరాలికి వినిపించాను. మూడో పాదం దగ్గర వాళ్ళ అమ్మమ్మను తలుచుకుంది.

వచ్చే వారానికి ఆటవెలది చివరి పాదం ఇస్తున్నాను. శనివారం రాత్రి లోపు పంపండి.

*పరుషమైన మాట పదిలమయ్యె*