అమ్మ డేటా ఎంట్రీ రోజుల కథలు రికార్డ్ చేయాలి, ఎలా మొదలుపెట్టాలి?

చిత్తూరు_పిల్ల (బెంగళూరు):
అందరికీ నమస్తే. మా అమ్మ 1986లో, పెళ్లికి ముందు, చిత్తూరు నుంచి బెంగళూరు వచ్చి ఒక ప్రైవేటు ఆఫీసులో డేటా ఎంట్రీ ఆపరేటర్‌గా చేరింది, టైపు హయ్యర్ పాసయ్యిందని తీసుకున్నారంట. మొన్న జయనగర్ ఇల్లు ఖాళీ చేస్తుంటే అటక మీద బిస్కెట్ డబ్బాలో పదకొండు ఫ్లాపీలు దొరికాయి, పెద్దవి, 5.25 ఇంచులవి, ఒకదాని మీద అమ్మ చేతిరాతలో "డీబేస్ ప్రాక్టీసు, తియ్యొద్దు" అని ఉంది (డీబేస్ అంటే అప్పట్లో డేటా దాచుకునే సాఫ్ట్‌వేర్).

అప్పట్నించీ నాకు నిద్ర పట్టట్లేదు. అమెరికాలో సొంతంగా కంప్యూటర్లు కట్టుకునే సరదా ఉన్నవాళ్ల హోమ్‌బ్రూ కంప్యూటర్ క్లబ్ మొదటిసారి 1975 మార్చి 5న మెన్లో పార్కులో గోర్డన్ ఫ్రెంచ్ గ్యారేజీలో కలిసింది, ఆ రోజు 32 మంది వచ్చారని కూడా మనకి తెలుసు, ఎందుకంటే క్లబ్ మొదలుపెట్టినవాళ్లలో ఒకడైన ఫ్రెడ్ మూర్ అదంతా న్యూస్‌లెటర్‌లో రాసిపెట్టాడు. మరి ఇక్కడ చెప్పులు బయట వదిలి, ఏసీ గదిలో శాలువా కప్పుకుని రోజంతా అంకెలు కొట్టిన ఆడపిల్లల గురించి ఎవరు రాశారు? అమ్మని అడిగితే "నాదేం చరిత్రమే, ఇచ్చింది కొట్టినా, జీతం తీసుకున్నా" అంటుంది, అంతే. ఫోన్‌లో రికార్డర్ ఆన్ చేస్తే ఇంకా బిగుసుకుపోతుంది. ఎలా అడగాలి? ఫ్లాపీలు ఏం చేయాలి?

పాత_డాస్ (చెన్నై):
అమ్మా, ముందు ఫ్లాపీలు. ఎక్కడో పాత డ్రైవు దొరికింది కదా అని పెట్టేయకు. కవరుకి కోలగా ఉండే కిటికీలోంచి లోపలి గోధుమరంగు డిస్కు కనిపిస్తుంది, దాన్ని మెల్లగా తిప్పుతూ టార్చి లైటు వేసి చూడు. బూజు మచ్చలుంటే పక్కన పెట్టెయ్, అది డ్రైవులో డిస్కుని చదివే హెడ్డుకి అంటుకుందంటే తర్వాత పెట్టే ఫ్లాపీలన్నిటినీ గీరేస్తుంది, వానాకాలంలో మాకు ఇదే పని. శుభ్రంగా ఉన్నవాటికి పక్కనున్న గాటు మీద స్టిక్కర్ వెయ్యి, ఇక పొరపాటున కూడా వాటి మీద ఏదీ రాయబడదు. గ్రీజ్‌వీజిల్ అని చిన్న బోర్డు ఉంది, పాత డ్రైవుని యూఎస్‌బీకి కలుపుతుంది, ఫైళ్లు కాపీ చేయడం కాదు, డిస్కు మీది సిగ్నల్ మొత్తం ఇమేజ్‌గా తీస్తుంది. డీబేస్ ఫైళ్లు బయటికొస్తే లిబ్రేఆఫీస్‌లో తెరుచుకుంటాయి.

నేను ఆ రోజుల్లో సర్వీసు మనిషిని. హార్డ్ డిస్కు లేని పీసీలు, ఎ డ్రైవులో డాస్ (కంప్యూటర్‌ని నడిపే సాఫ్ట్‌వేర్) ఫ్లాపీ, బి డ్రైవులో డేటా ఫ్లాపీ, సేవ్ చేయకముందు కరెంటు పోయిందా ఆ పూట కొట్టిందంతా పోయినట్టే. కీబోర్డు విప్పితే ఏ కీ అరిగిందో చూసి ఆ సీటులో ఎవరు కూర్చుంటారో చెప్పేసేవాణ్ణి. మీ అమ్మగారికి ఏ కీ అరిగేదో అడుగు.

కథలపెట్టె (బెంగళూరు):
పాత డాస్ గారు చెప్పిందంతా కరెక్టే కానీ వరస మాత్రం నేను ఒప్పుకోను. ఫ్లాపీలు ఇన్నేళ్లు ఆగాయి, ఇంకో నెల ఆగుతాయి. ముందు అమ్మతో కూర్చోండి.

నేను మా నాన్నతో చేసిన తప్పు ఏంటంటే ఏ సంవత్సరం, ఏ మెషీన్, ఎంత మెమరీ అని అడుగుతూ పోయా, ఆయన పరీక్ష రాస్తున్నట్టు భయపడిపోయాడు, ఇప్పుడు మళ్లీ అడుగుదామంటే ఆయన లేడు. సంవత్సరాలు వదిలేయండి. చేతికి వస్తువు ఇవ్వండి. బస్సు, క్యారేజీ, పక్కసీటు మనిషి, వీటి గురించి అడగండి. మైకు కొంగుకి పెట్టేస్తే కాసేపటికి మర్చిపోతారు. ఆడియో వేవ్ (WAV, నాణ్యత తగ్గించని రకం) ఫైలుగా ఉంచండి, మూడు కాపీలు, ఒకటి వేరే ఊళ్లో. రాసేటప్పుడు "కొట్టినా"ని "కొట్టాను" అని దిద్దకండి దయచేసి. ఎవరెవరికి వినిపించొచ్చో అమ్మనే అడిగి, సంతకం తీసుకోండి. మన ఊళ్లోనే ఎన్‌సీబీఎస్ అనే జీవశాస్త్ర పరిశోధన సంస్థలో ఆర్కైవ్స్ 2019 నుంచి ఉంది, సైన్సు చరిత్రకి సంబంధించిన కాగితాలు, మౌఖిక కథనాలు దాస్తారు, ఒకసారి వెళ్లి వాళ్ల పద్ధతి చూడండి. కాలిఫోర్నియాలోని కంప్యూటర్ హిస్టరీ మ్యూజియం వాళ్ల ఇంటర్వ్యూలు నెట్‌లో ఉచితంగా ఉన్నాయి, ఒకటి రెండు చదివితే ఎలా అడగాలో తెలుస్తుంది.

చిత్తూరు_పిల్ల:
ఇద్దరికీ చాలా చాలా థ్యాంక్స్. ఎస్పీ రోడ్డులో ఒక పాత కీబోర్డు తెచ్చి అమ్మ ఒళ్లో పెట్టా. నావైపే చూస్తూ మాట్లాడుతోంది, కుడిచేతి మధ్యవేలు మాత్రం తనంతట తనే కుడిపక్క అంకెల కీల్లో 5 మీద ఉన్న బొడిపెని వెతుక్కుంది. అరిగేది ఎంటరేనంట, చిటికెన వేలు ఇప్పటికీ నొప్పంట. తర్వాత ఆగకుండా నలభై నిమిషాలు చెప్పింది. ఒకరు కొట్టిన కాగితాల్నే పక్కసీటు అమ్మాయి మళ్లీ కొట్టేదంట, దాన్ని వెరిఫై అనేవాళ్లు, తేడా వస్తే మెషీన్ కూతపెట్టి ఆగిపోయేదంట, కూతలు ఎక్కువైతే జీతం కోత. అమ్మకి జ్వరమొచ్చిన వారం ఆ అమ్మాయి కాగితాలు ముందే చూసుకుని, తప్పులున్న చోట కూత రాకముందే అమ్మని పిలిచి దిద్దించేదంట.

ఆమె పేరు చెప్పి అమ్మ చాలాసేపు మాట్లాడలేదు, రికార్డింగ్‌లో ఫ్యాను చప్పుడే ఉంది, అది కట్ చేయను. ఇప్పుడు పాత అడ్రసుల పుస్తకం తీసి కూర్చుంది, ఆదివారం ఇద్దరం మల్లేశ్వరం వెళ్తున్నాం.