షోనిసారస్‌ల గుట్ట: పురుటి చోటా, ప్రమాద స్థలమా?

రాతిపలక:
అమెరికాలోని నెవాడాలో బెర్లిన్-ఇక్తియోసార్ స్టేట్ పార్క్ అని ఒకటుంది. బెర్లిన్ అంటే పాడుబడ్డ గనుల ఊరు. ఆ పక్క కొండల్లో దాదాపు 23 కోట్ల ఏళ్ళ నాటి షోనిసారస్ ఎముకలు దొరికాయి. ఇది డైనోసార్ కాదు, ఇక్తియోసార్ అనే రకం, సముద్రంలో బతికిన సరీసృపం. 15 మీటర్ల దాకా పెరిగేది, మన ఆర్టీసీ బస్సుకన్నా పొడవు. ఒక్క గుంతలోనే కనీసం 7 పక్కపక్కనే పడి ఉన్నాయి. ఇన్ని ఒకేచోట ఎందుకు చచ్చాయి? 2022లో వచ్చిన పరిశోధన అది పిల్లల్ని కనే చోటు అంటోంది. నాకైతే 1950ల్లో అక్కడ తవ్విన చార్లెస్ క్యాంప్ మాటే సబబుగా ఉంది. తిమింగలాలు ఒడ్డున చిక్కుకుపోయినట్టే ఇవీ తీరం బురదలో కూరుకుపోయాయి అన్నాడాయన.

ఎనిమిదిచేతులు:
క్రాకెన్‌ని మర్చిపోయారేంటి బ్రో! పెద్ద ఆక్టోపస్ లాంటి జంతువు వీటిని చంపి, వెన్నుపూసల్ని వరసగా పేర్చిందని మార్క్ మెక్‌మెనామిన్ అనే శాస్త్రవేత్త 2011లో చెప్పాడు కదా.

సున్నపురాయి:
చెప్పాడు, పేపర్లన్నీ వేసుకున్నాయి. ఆ ఆక్టోపస్ శిలాజం ముక్క ఒక్కటి చూపించాడా? ఇక్తియోసార్ వెన్నుపూసలు బిళ్ళల్లా ఉంటాయి. కళేబరం కుళ్ళి పక్కకి ఒరిగితే అవే వరసగా పడతాయి. వాటిని ఎవరో పేర్చక్కర్లేదు.

రాతిపలక గారూ, బురద సంగతికొస్తే, అక్కడి రాళ్ళు ఒడ్డున పేరుకున్నవి కావని, కాస్త లోతైన నీళ్ళలో పేరుకున్నవని తర్వాత పరిశీలించినవాళ్ళు తేల్చారు. క్యాంప్ గొప్పవాడే, షోనిసారస్ అని 1976లో పేరు పెట్టిందీ ఆయనే. కానీ ఈ ఒక్క విషయంలో ఆయన మాట నిలవలేదు.

2022 వాళ్ళ వాదనలో నాకు బలంగా అనిపించింది ఇది: పెద్దవి ఉన్నాయి, కడుపులోవో అప్పుడే పుట్టినవో అయిన బుల్లి పిల్లల ఎముకలూ ఉన్నాయి, మధ్య వయసువి మాత్రం కనపడవు. పైగా అంత పెద్ద జంతువులు తినడానికి సరిపడా వేరే జీవుల ఆనవాళ్ళు దాదాపు లేవు. తిండి లేని చోటికి ఎందుకొస్తాయి? కాన్పుకి.

రాతిపలక:
ఆ బుల్లి ఎముకలు అవి తిన్న జంతువులవి కావచ్చుగా?

సున్నపురాయి:
కాదండీ. స్కాన్ చేసి చూస్తే షోనిసారస్ పిల్లలవే. ఇక్తియోసార్లు గుడ్లు పెట్టవు, నేరుగా పిల్లల్ని కంటాయి. జర్మనీలోని హోల్జ్‌మాడెన్‌లో కడుపులో పిల్లలతో ఉన్న స్టెనోప్టెరిజియస్ అనే ఇక్తియోసార్లు దొరికాయి కూడా.

భావనపాడు పిల్ల:
మాది శ్రీకాకుళం తీరం, అందుకని ఒక మాట. ఆలివ్ రిడ్లీ తాబేళ్ళు గుడ్లు పెట్టడానికి ఏటా ఇటూ, ఒడిశా వైపూ వస్తాయి. చలికాలంలో ఒడ్డున చచ్చిన తాబేళ్ళు కనపడుతుంటాయి. గుడ్లు పెట్టడానికొచ్చాయి, నిజమే. చచ్చింది మాత్రం ఎక్కువగా ట్రాలర్ వలల్లో పడి. సున్నపురాయి గారు చెప్పింది ఎందుకు వచ్చాయో. రాతిపలక గారు అడిగింది ఎలా చచ్చాయో. మీరిద్దరూ వేరే వేరే వాటి మీద కొట్టుకుంటున్నారు.

సున్నపురాయి:
ఒప్పుకున్నానమ్మా. అగ్నిపర్వతం పేలి చచ్చాయేమోనని, పేలితే రాళ్ళలో మిగిలే పాదరసం కోసం కూడా వెతికారు, అలాంటి గుర్తు దొరకలేదు. అయినా ఆ ఎముకలన్నీ ఒకే పొరలో లేవు. వేర్వేరు పొరల మధ్య లక్షల ఏళ్ళ తేడా ఉంది. తరతరాలుగా వస్తున్న చోటైతే ఏడాదికి ఒకటీ అరా చచ్చినా గుట్టవుతుంది కదా!

రాతిపలక:
మొత్తం కొండకి ఆ లెక్క సరిపోతుంది. ఒడ్డున చిక్కాయన్న మాట వదిలేస్తున్నా. కానీ ఆ ఒక్క గుంతలో ఉన్న 7 సంగతేంటి? పక్కపక్కనే, దాదాపు ఒకే దిక్కుకి పడి ఉన్నాయి. ఏడూ ఒక్కరోజే పోయాయా, ఒకదాని వెనక ఒకటా?

ఎనిమిదిచేతులు:
అడిగారు కాబట్టి మళ్ళీ చెప్తున్నా... క్రాకెన్ :)