పులస బేరమాడాలి, పక్కన నిజం మనిషి ఉండాలి: ఒకే షాట్‌లో ఎలా?

రేవుగట్టు:
షార్ట్‌ఫిల్ములో పంటు (రేవు దాటించే పడవ) మీద గంపలోంచి పులస లేచి, తోక మీద నిలబడి, కొనడానికొచ్చినాయనతో తన రేటు తనే మాట్లాడుకుంటుంది. మనిషి నిజం, చేప స్టాప్‌మోషన్ (బొమ్మను కొంచెం కొంచెం కదుపుతూ ఒక్కో ఫొటో తీయడం). వెనక నీలం గుడ్డ కట్టి తీస్తే చేప ఒంటికి చిల్లులు పడుతున్నాయి. వెలుగూ మిణుకుమంటోంది. తప్పెక్కడుందండీ?

లంకబొమ్మ:
చిల్లులు గుడ్డ వల్లేనండి. పులస వెండిలా మెరుస్తుంది, ఆ నీలం పొలుసుల్లో పడుతుంది. కీ చేస్తే (కంప్యూటర్లో ఆ రంగును తీసేస్తే) గుడ్డతోపాటు పొలుసులూ పోతాయి. ఆకుపచ్చ గుడ్డయినా అంతే. పౌడరద్ది మెరుపు చంపొచ్చు గానీ మెరుపు లేనిది పులసేంటి? వెనక బూడిదరంగు అట్ట పెట్టి, కంప్యూటర్లో చేప అంచు వెంట చేత్తో మాస్క్ (చేపను వెనకదాన్నుంచి వేరుచేసే గీత) గీయండి. దానికి బ్లెండర్ అనే సాఫ్ట్‌వేర్ ఉచితమే.

మిణుకుకు ముందు కెమెరాలో ఎక్స్‌పోజర్ (వెలుగు మోతాదు), వైట్ బ్యాలెన్స్ (రంగుల సర్దుబాటు) మాన్యువల్‌లో పెట్టండి. అయినా పోకపోతే లెన్స్ అనుమానించాలి: ప్రతి క్లిక్కుకీ ఎపర్చర్ (వెలుగు వచ్చే రంధ్రం) బ్లేడ్లు ఒకేలా మూసుకోవు. ఎపర్చర్‌ను చేత్తో తిప్పే రింగున్న పాత లెన్స్ నయం. ఓల్టేజీ ఊగినా ఇదే గోల, బ్యాటరీ ఎల్‌ఈడీ వాడండి. తెల్లచొక్కా వేసుకుని తీయకండి, పొలుసుల్లో మీరే కనిపిస్తారు.

డెల్టాఫ్రేమ్:
ట్రైపాడ్ ఒడ్డున పెట్టొద్దు, పంటుకే కట్టేయండి. అప్పుడు ఫ్రేములో చెక్క కదలదు, వెనక నీళ్లే కదులుతాయి. పంటు తిరిగితే నీడా తిరుగుతుంది కనుక రేవుకు కట్టి ఉన్నప్పుడే తీయాలి. చేప కన్ను ఉండే ఎత్తున ఒక పుల్ల పాతి, నటుణ్ణి దాన్నే చూడమనండి. పుల్ల తీశాక ఖాళీ ఫ్రేము పది సెకన్లు తీసుకోండి, పుల్లను చెరపడానికి కావాలి. కెమెరా ఎత్తు, వాలు, దూరం, ఫోకల్ లెంగ్త్ (లెన్స్ మీది మి.మీ. అంకె), ఎండ వచ్చే వైపు రాసుకుని ఇంట్లో చేపకూ అవే పెట్టండి.

సెకనుకు 24 ఫ్రేముల సినిమాలో ఒక్కో ఫొటో రెండు ఫ్రేములుంచితే సెకనుకు 12, నిమిషం బేరానికి 720 ఫొటోలు. బేరం కురచ చేయండి.

తీగపని:
చేప బొమ్మ ఒంటికి స్పాంజి, లోపల 2 మి.మీ. అల్యూమినియం తీగ రెండు పేటలు మెలేసి. ఇనుప తీగ వంచినచోట నిలవదు, వెనక్కి లాగుతుంది. మొదట తెగేది తోక దగ్గరే, ఇంకోటి చేసి ఉంచుకోండి. తోకలో నట్టు దాచి, చెక్క కిందనుంచి బోల్టు బిగిస్తే నిలబడుతుంది. ప్లాస్టిసిన్ (బొమ్మలు చేసే మెత్తటి ముద్ద) మూతికే చాలు, ఎండకు జారుతుంది.

రేవుగట్టు:
మూతులు ఎన్ని కావాలండీ? ప్రతి మాటకీ 'ఆయ్' అంటుంది.

తీగపని:
ఆరు: మూసింది (ప, బ, మ), తెరిచింది (ఆ), గుండ్రం (ఒ, ఉ), సాగింది (ఇ, ఎ), పళ్లు పెదవి మీద (వ), సగం తెరిచింది. ముందు మాటలు రికార్డు చేసి ఫ్రేములు లెక్కపెట్టండి. 'ఆయ్'కి తెరిచిన మూతి మూడు ఫొటోలు, సాగింది రెండు, ఆ తర్వాత ఒకసారి కనురెప్ప ఆర్పించండి.