లింగనమక్కి జలాశయం: మట్టాన్ని బట్టి నీటి నిల్వను లెక్కగట్టడం ఎలా?

నేను బెంగళూరులో ఉంటాను. పడమటి కనుమల్లో శరావతి నదిపై 1964లో కట్టిన లింగనమక్కి జలాశయంలో, పూర్తి మట్టమైన 1,819 అడుగులకు దిగువన ఏ రోజున ఎన్ని టీఎంసీల నీరు విద్యుదుత్పత్తికి మిగిలి ఉందో అంచనా వేయాలని మూడు వారాలుగా ప్రయత్నిస్తున్నాను. ప్రతి అడుగుకూ సమానంగా పంచితే లెక్క తప్పింది. లోయ పైకి వెళ్ళేకొద్దీ వెడల్పవుతుంది కనుక, పైనున్న ఒక్కో అడుగులో పట్టే నీరు కిందివాటికంటే చాలా ఎక్కువ. వర్గ సమీకరణంతో 1,800 అడుగుల పైన ఫలితం దాదాపు సరిపోయింది గాని, వేసవిలోని తక్కువ మట్టాల దగ్గర ప్రకటించిన నిల్వతో పొసగలేదు. ఉపగ్రహ ఛాయాచిత్రాల్లో నీటి విస్తీర్ణం కొలవబోతే, సరిగ్గా జలాశయం నిండే వానాకాలంలోనే మబ్బులు అడ్డుపడ్డాయి. ఒక్కో అడుగు మట్టానికి నిల్వ ఎంతో చూపే అధికారిక పట్టిక ఎక్కడ దొరుకుతుందో తెలిసినవారు దయచేసి చెప్పగలరా?