తుపాను కన్ను దాటే క్షణం ఎలా ఉంటుంది? కోనసీమవారి సాయం కావాలి

అందరికీ నమస్కారం. తుపానుల నుంచి మంత్రశక్తిని పట్టి దాచుకునే ఒక శ్రేణి, అంటే ఒకే పని చేసేవారి సంఘం, గురించి నవల రాస్తున్నాను. కథ కోరింగ మడ అడవుల అంచున జరుగుతుంది. 1839లో తుపాను ఉప్పెన ముంచెత్తిన రేవు అది. ఇలాంటి శ్రేణి పుట్టడానికి అంతకన్నా తగిన చోటు నాకు తోచలేదు.

వాళ్లు తాటిచెట్టు మొవ్వుకు రాగి తీగ చుట్టి, రెండో కొసను నీళ్ల కుండలో ముంచుతారు. గాలి హోరెత్తే కొద్దీ కుండలో నీలి వెలుగు పేరుకుంటుంది. తుపాను కన్ను నెత్తిమీదికి రాగానే గాలి పడిపోతుంది, అది దాటాక ఎదురు దిక్కు నుంచి విరుచుకుపడుతుంది. ఆ కాసేపట్లోనే కుండకు మూత బిగించాలి. ఆలస్యమైతే పోగైన శక్తంతా పట్టినవాడి మీదికే తిరుగుతుంది. నవలకు ప్రాణం ఈ ఘట్టమే, ఎన్నిసార్లు రాసినా కుదరడం లేదు.

1996 నవంబరు 6న తుపాను వచ్చిన రాత్రి కోనసీమలో ఉన్నవారిని అడుగుతున్నాను: గాలి దిక్కు మారడం మీకు తెలిసిందా? ముందు తెలిసింది చప్పుడా, కొబ్బరి మట్టల కదలికా, చెవుల్లో ఒత్తిడా? మీ పెద్దలు ఆ విరామాన్ని ఏమని పిలిచేవారు? పుస్తకాల మాట వద్దు, ఇంట్లో వాడిన మాటే కావాలి. ఒక్క వాక్యం రాసినా రుణపడి ఉంటాను.