కుంగిన వెనుక స్ప్రింగులు: కంపెనీవే వేయించాలా, లావువి వేయించాలా?

రాజోలు వాసి

సభ్యులందరికీ నమస్కారం. మాది పదకొండేళ్ళ పాత పెట్రోలు కారు. ఇప్పటికి 1,12,000 కిలోమీటర్లు తిరిగింది. వెనుక సీటులో ముగ్గురు కూర్చుని, డిక్కీలో ఒక కొబ్బరికాయల బస్తా వేస్తే చాలు, వెనుక భాగం చతికిలబడుతోంది. క్రితం నెల నరసాపురం వెళ్ళడానికి సఖినేటిపల్లి రేవులో పంటు (వాహనాలను గోదావరి దాటించే బల్లకట్టు) ఎక్కిస్తున్నప్పుడు, వెనుక చక్రాలు పలక మీదికి చేరుతున్న సమయంలో బంపరు అడుగు రేవు నేలకు గీసుకుని, పంటు మీదున్న వారందరూ తిరిగి చూసేంత చప్పుడైంది. ఆ తరువాత ముగ్గురిని అడిగితే ముగ్గురూ మూడు రకాలుగా చెప్పారు. ఒకరు లావు కడ్డీతో చేసిన స్ప్రింగులు వేయించమన్నారు, ఇంకొకరు చుట్ల మధ్య రబ్బరు బఫర్లు పెట్టిస్తే సరిపోతుందన్నారు, మూడవవారు ఉన్న స్ప్రింగులనే కాల్చి సాగదీయించమన్నారు. మా బావగారు మాత్రం కంపెనీ స్ప్రింగులు తప్ప మరేవీ ముట్టుకోవద్దంటున్నారు. నా మనసు ఆయన వైపే మొగ్గుతోంది కానీ, కుంగిపోయిన రకాన్నే మళ్ళీ కొనడం ఎందుకన్న సందేహం తీరడం లేదు. అనుభవం ఉన్నవారు కారణంతో సహా చెప్పవలసిందిగా కోరుతున్నాను.

భీమవరం చెరువుల రైతు

నా అభిప్రాయం స్పష్టంగా చెబుతాను: మన ప్రాంతానికి కంపెనీ స్ప్రింగులు చాలవు. నగరంలో ఒక మనిషి ఆఫీసుకు వెళ్ళి వచ్చే కారుకూ, చెరువుల గట్ల మీద తిరిగే కారుకూ ఒకే స్ప్రింగు ఎలా సరిపోతుంది? నా డిక్కీలో 25 కిలోల మేత బస్తాలు నాలుగు ఎప్పుడూ ఉంటాయి, వెనుక సీటులో ఇద్దరు పనివాళ్ళు ఉంటారు. నాలుగేళ్ళ క్రితం లావు స్ప్రింగులు వేయించాను. అప్పటి నుంచి ఏ గోతిలోనూ అడుగు తగలలేదు. ఖాళీగా ఉన్నప్పుడు కొంచెం ఎగరేస్తుంది, అది నేను ఒప్పుకుంటాను. కానీ ఖాళీగా తిరిగే రోజు నాకు ఏడాదికి పది కూడా ఉండదు.

పాలకొల్లు పెద్దాయన

నేను 30 ఏళ్ళు అంబాసిడర్ నడిపినవాణ్ణి. కమాన్లు, అంటే ఉక్కు ఆకులను ఒకదానిపై ఒకటి పేర్చి కట్టిన స్ప్రింగులు, కుంగితే కట్ట విప్పించి, ఆకులను కొలిమిలో వంపు తీయించి, అవసరమైతే అదనంగా ఒక ఆకు చేర్పించేవాళ్ళం. మళ్ళీ ఐదారేళ్ళు చూడనక్కరలేకుండా పనిచేసేది. చుట్ట స్ప్రింగు కూడా ఉక్కే కదా, దాన్ని మాత్రం ఎందుకు సాగదీయించకూడదో నాకు తెలియడం లేదు. మంచి కమ్మరి చేతిలో పడితే పారేయవలసిన అవసరం రాదని నా నమ్మకం.

రావులపాలెం మెకానిక్

పెద్దవారి మాటకు ముందుగా బదులు చెబుతాను, ఎందుకంటే ఈ సలహా విని ఇద్దరు నా దగ్గరికి విరిగిన స్ప్రింగులతో వచ్చారు. కమాను కట్టలో ఒక ఆకు విరిగినా మిగతా ఆకులు బరువు మోస్తాయి, బండి ఇంటికి చేరుతుంది. చుట్ట స్ప్రింగులో ఉన్నది ఒక్కటే కడ్డీ. దాన్ని ఫ్యాక్టరీలో ఎర్రగా కాల్చి, నూనెలో చల్లార్చి, మళ్ళీ ఒక లెక్క ప్రకారం వేడిచేసి పదును పెడతారు. మనం గ్యాసు మంటతో అక్కడక్కడా కాల్చితే, కాలిన చోట ఆ పదును పోయి కడ్డీ మెత్తబడుతుంది. సాగదీసిన ఎత్తు కొద్ది వారాల్లోనే మళ్ళీ కుంగుతుంది, లేదా కాలిన చోటుకూ కాలని చోటుకూ మధ్య పగులు పుడుతుంది. కాబట్టి ఆ మార్గం వద్దండి.

రబ్బరు బఫర్ల సంగతి. చుట్ల మధ్య రబ్బరు దూర్చితే ఆ చుట్లు పనిచేయడం మానేస్తాయి. వాటి వంతు వంపు కూడా మిగిలిన చుట్ల మీద పడుతుంది. కారు లేచినట్టే కనబడుతుంది. ఆరు నెలల తరువాత ఆ రబ్బరు తీసి చూడండి. రబ్బరు కింద రంగు లేచిపోయి, బురద నీరు ఇంకి, కడ్డీ మీద వేలితో గీరితే ఊడే తుప్పు పొలుసులు కనబడతాయి. మన దగ్గర రొయ్యల లారీల నుంచి కారే ఉప్పునీరు రోడ్లన్నీ తడుపుతుంది, సముద్రపు గాలి సరేసరి. తుప్పు తిన్న చిన్న గుంట దగ్గరే పగులు మొదలవుతుంది. నేను మార్చిన విరిగిన స్ప్రింగుల్లో ఎక్కువ వాటికి కింది చుట్టులోనే విరిగింది, ఎందుకంటే బురద నిలిచేదీ, రంగు రాపిడికి పోయేదీ అక్కడే.

రాజోలు వాసి గారికి నా మనవి ఒక్కటే. ఏది కొనాలో తరువాత నిర్ణయించుకుందాం, ముందు కొలవండి. ఏటిగట్టు మీదో, వాకిట్లో వాలు మీదో కాకుండా, సిమెంటు కళ్ళం వంటి చదునైన చోట, నాలుగు టైర్లలో గాలి సరిచూసి, డిక్కీ ఖాళీ చేసి, వెనుక చక్రం మధ్యబిందువు నుంచి దాని పైనున్న మడ్‌గార్డు అంచు వరకు రెండు పక్కలా కొలత తీయండి. ఒక పక్క తగ్గితే అటు స్ప్రింగు విరిగి ఉండవచ్చు. రెండు పక్కలా సమంగా తగ్గితే అది వయసు కుంగుడు. షాక్ అబ్జార్బర్లు మార్చితే ఎత్తు వస్తుందని ఎవరైనా అంటే నమ్మకండి. బరువు మోసేది స్ప్రింగు, ఊగిసలాటను ఆపేది షాక్ అబ్జార్బరు.

కాకినాడ అధ్యాపకుడు

నేను మెకానికల్ ఇంజనీరింగు బోధిస్తాను. మెకానిక్ గారు చెప్పినదానితో నేను పూర్తిగా ఏకీభవిస్తూ, ఈ చర్చలో కలిసిపోతున్న రెండు విషయాలను విడదీయాలనుకుంటున్నాను.

స్ప్రింగు కాఠిన్యాన్ని, అంటే నొక్కితే అది ఎంత గట్టిగా ఎదురునిలుస్తుందో దాన్ని, నిర్ణయించేవి నాలుగు: ఉక్కు స్వభావం, కడ్డీ మందం, చుట్టు వ్యాసం, పనిచేసే చుట్ల సంఖ్య. పదకొండేళ్ళు వాడినా, తుప్పు బాగా తినేస్తే తప్ప, వీటిలో ఏదీ చెప్పుకోదగినంత మారదు. మారేది స్ప్రింగు నిడివి. లోహం ఏళ్ళ తరబడి బరువు కింద ఉండి కొద్దిగా శాశ్వతంగా కుదించుకుపోతుంది. అంటే కుంగిన స్ప్రింగు మెత్తబడిన స్ప్రింగు కాదు, పొట్టిదైన స్ప్రింగు. అదే రకం కొత్తది వేస్తే పోయిన ఎత్తు మొత్తం తిరిగి వస్తుంది. కుంగిన రకాన్నే మళ్ళీ ఎందుకు కొనాలన్న ప్రశ్నకు నా జవాబు ఇదే: ఆ రకం పదకొండేళ్ళు తన పని చేసింది.

ఇక లావు కడ్డీ. కాఠిన్యం కడ్డీ మందానికి నాలుగవ ఘాతంలో పెరుగుతుంది. మిగతావన్నీ అలాగే ఉంచి 11 మిల్లీమీటర్ల కడ్డీ స్థానంలో 12 మిల్లీమీటర్లది వేస్తే, ఒక్క మిల్లీమీటరు తేడాకే కాఠిన్యం 41 శాతానికి పైగా పెరుగుతుంది. ఉదాహరణకు పాత స్ప్రింగును ఒక మిల్లీమీటరు నొక్కడానికి రెండున్నర కిలోల బరువు పడుతుందనుకుంటే, కొత్తదానికి సుమారు మూడున్నర కిలోలు పడుతుంది. ఇరుసుకు సరిగ్గా పైన 100 కిలోలు వేస్తే, ఒక్కో స్ప్రింగుకు 50 కిలోల చొప్పున, పాతది 20 మిల్లీమీటర్లు, లావుది 14 మిల్లీమీటర్లు దిగుతుంది. లాభం 6 మిల్లీమీటర్లు. ఖాళీ కారులో ఒక్కో వెనుక స్ప్రింగు మీద 150 కిలోలు ఉన్నాయనుకుంటే, రెండూ ఒకే నిడివివైనప్పుడు లావుది కారును 18 మిల్లీమీటర్లు పైకి లేపి ఉంచుతుంది. భీమవరం మిత్రులు చూస్తున్న ఎత్తులో అధిక భాగం ఇలా వచ్చినదే. బరువు వేసినప్పుడు తక్కువ దిగడం వల్ల వచ్చింది అందులో నాలుగో వంతు మాత్రమే.

భీమవరం చెరువుల రైతు

లెక్క బాగుంది, ఒప్పుకుంటున్నాను. కానీ 18కి 6 కలిపితే 24 మిల్లీమీటర్లు, అంటే దాదాపు ఒక అంగుళం. గట్టు మీద గోతికీ నా సైలెన్సరుకూ మధ్య ఉండవలసింది ఆ అంగుళమే. అది ఏ దారిలో వచ్చినా నాకు కావలసిందే కదా? ఇందులో నష్టమేమిటో మీరు చెప్పలేదు.

కాకినాడ అధ్యాపకుడు

నష్టం మూడు చోట్ల ఉంది. మొదటిది, షాక్ అబ్జార్బరు పాత స్ప్రింగుకు తగ్గట్టు తయారైనది. స్ప్రింగు గట్టిపడితే అది నెట్టే తోపును ఆ షాక్ ఆపలేక, గొయ్యి దాటాక చక్రం ఎగురుతుంది. కమాను కట్టలో ఆకుల మధ్య రాపిడే కొంత ఊపును మింగేది కాబట్టి అంబాసిడర్‌లో ఆకు చేర్చినా చెల్లింది. చుట్ట స్ప్రింగుకు ఆ రాపిడి లేదు. రెండవది, వెనుక మాత్రమే గట్టిపడిన కారు మలుపులో వెనుక పట్టు ముందుగా వదిలే వైపు మొగ్గుతుంది. వాన పడిన నల్లమట్టి పరుచుకున్న కాలవగట్టు మలుపులో, ఒక్కరే వెళ్తున్నప్పుడు ఇది ప్రమాదం. మూడవది చాలామందికి తెలియదు. కొన్ని పాత కార్లలో వెనుక బ్రేకుల ఒత్తిడిని సర్దే వాల్వు ఒకటి ఇరుసుకు కలిపి ఉంటుంది. వెనుక భాగం ఎంత కిందికి దిగిందో చూసి, దానిని బట్టి బరువు ఎంతుందో అది అంచనా వేస్తుంది. కారును కృత్రిమంగా లేపితే, నిండు బరువున్నా ఖాళీ కారే అనుకుని వెనుక బ్రేకులకు ఒత్తిడి తగ్గిస్తుంది. మీ కారుకు ఆ వాల్వు ఉందో లేదో దయచేసి చూపించుకోండి.

అమలాపురం సీఎన్జీ

ఒక మినహాయింపు చెప్పాలి. నేను బయట సీఎన్జీ కిట్టు బిగించుకున్నాను. సిలిండరు, దాని చట్రం కలిసి ఒక పెద్ద మనిషి బరువు ఉంటుంది, అది ఎప్పుడూ డిక్కీలోనే ఉంటుంది. ఇలా దిగని బరువు ఉన్నవారికి అదే కారు సీఎన్జీ మోడల్‌కు కంపెనీ వేసే వెనుక స్ప్రింగులు దొరికితే అవి వేయించుకోవడం సబబు. నేను అదే చేశాను. ఆ లావు ఎవరో చూపుతో అంచనా వేసినది కాదు, కంపెనీ లెక్కగట్టినది.

రావులపాలెం మెకానిక్

ఇది సరైన మాట. ఎప్పుడూ ఉండే బరువుకు స్ప్రింగు ఎంచుకోవాలి, సంక్రాంతికి వచ్చే బరువుకు కాదు. పండుగ నాలుగు రోజులూ టైర్లలో గాలి, నిండు బరువుకు తలుపు దగ్గర స్టిక్కరు మీద రాసినంత పెట్టి, నెమ్మదిగా నడిపితే చాలు. హెడ్‌లైటు దించే మీట ఉంటే అదీ తిప్పండి. వెనుక కుంగితే ముందు లైట్లు పైకి లేచి, గట్టు రోడ్డు మీద ఎదురువచ్చే మోటారుసైకిలు వానికి దారి కనబడదు.

రాజోలు వాసి

అందరికీ కృతజ్ఞతలు. ధాన్యం ఎత్తేసిన కళ్ళం మీద కారు నిలిపి కొలిచాను. కుడి పక్క 368 మిల్లీమీటర్లు, ఎడమ పక్క 352 వచ్చాయి. ఆ 16 మిల్లీమీటర్ల తేడా చూసి వెంటనే మా ఊరి మెకానిక్ దగ్గరికి తీసుకువెళ్ళాను. కారు బాడీ కింద స్టాండ్లు పెట్టి, షాక్ అబ్జార్బర్ల కింది బోల్టులు విప్పి, బ్రేకు గొట్టం లాగకుండా చూసుకుంటూ ఇరుసును జాకీ మీద మెల్లగా దించాడు. కుడి స్ప్రింగు చేతికి వచ్చింది. ఎడమ స్ప్రింగు తీస్తే, కింది చుట్టులో సగం ముక్క స్ప్రింగు కూర్చునే గిన్నెలోనే ఉండిపోయింది. విరిగిన ముఖంలో చాలా భాగం పాత తుప్పుతో గోధుమరంగుగా, ఒక అంచు మాత్రం కొత్తగా మెరుస్తూ ఉంది. అంటే ఎన్నాళ్ళుగానో పగిలి ఉండి, చివరికి ఈ మధ్యనే తెగిందన్నమాట. పంటు దగ్గర గీసుకున్నది కుంగుడు వల్లే అనుకున్నాను, సగం కారణం ఇదని అప్పుడు అర్థమైంది. దీనినే కాల్చి సాగదీయించి ఉంటే, లేదా రబ్బరు దూర్చి ఉంటే, నా పిల్లలను కూర్చోబెట్టుకుని విరిగిన స్ప్రింగు మీదే తిరుగుతూ ఉండేవాణ్ణి.

కంపెనీ స్ప్రింగులు రెండూ, వాటి కింది రబ్బరు సీట్లతో సహా మార్పించాను. ఒక్క ఎడమదే మార్చితే చాలదా అని అడిగితే, కుడిది పొట్టిదై ఉంది కాబట్టి కారు పక్కకు ఒరుగుతుందని మెకానిక్ ఒప్పుకోలేదు. ఇప్పుడు కుడి 381, ఎడమ 380 ఉంది.

రావులపాలెం మెకానిక్

సంతోషమండి. ఒక్క విషయం సరిచూసుకోండి. షాక్ కింది బోల్టులనూ, ఇరుసు బుష్షుల (కీళ్ళలోని రబ్బరు తొడుగుల) బోల్టులేవైనా వదులు చేసి ఉంటే వాటినీ, చక్రాలు నేల మీద ఆని కారు బరువు పడిన తరువాతే చివరి బిగింపు బిగించాలి. చక్రాలు వేలాడుతుండగా బిగిస్తే బుష్షులోని రబ్బరు ఎప్పుడూ మెలితిరిగి ఉండి త్వరగా చిరుగుతుంది. అలా జరిగి ఉంటే ఐదు నిమిషాల పని, వదులు చేసి మళ్ళీ బిగించమనండి. నెల తరువాత ఇంకోసారి కొలవండి, కొత్త స్ప్రింగు రెండు మూడు మిల్లీమీటర్లు సర్దుకుంటే కంగారు పడనక్కరలేదు.

పాలకొల్లు పెద్దాయన

విరిగిన ముక్క సంగతి చదివాక నా సలహాను వెనక్కి తీసుకుంటున్నాను. కమానుకు చెల్లినది చుట్టకు చెల్లదని ఒప్పుకుంటున్నాను.

భీమవరం చెరువుల రైతు

నా నాలుగు బస్తాలూ దిగని బరువు కిందికే వస్తాయి కాబట్టి లావు స్ప్రింగులు తీసేయను, ఆ మాట మీదే ఉన్నాను. అయితే బ్రేకు వాల్వు మాట నన్ను నిద్రపోనివ్వలేదు. ఈ ఉదయం కారు కిందికి దూరి చూశాను. ఇరుసు నుంచి ఒక సన్నని స్ప్రింగు మీట పైనున్న వాల్వుకు కలిసి ఉంది. నాలుగేళ్ళలో దానిని ఎవరూ సర్దలేదు. ఆదివారం బ్రేకులు పరీక్షించి ఆ మీటను సరిచేయించి, షాకులు కూడా బరువుకు తగినవి దొరుకుతాయేమో చూస్తాను. ఫలితం ఇక్కడే రాస్తాను.